కండ్లు మూసుకుని సినిమా తీసిన మనిషి

మొన్న జనగామ దవాఖానలో బీపీ గోలీల కోసం వరుసలో కూర్చున్నాను. ఎదురుగా గోడ మీద టీవీ. అందులో పాత సీరియల్ ఒకటి మళ్లీ వేస్తున్నారు. ఒక పిల్ల తెల్ల దుప్పటి కప్పుకుని మంచం మీద కదలకుండా పడుకుంది. మొహం తెలియకుండా ముక్కుకూ నోటికీ గొట్టాలు. తలాపున అత్త నిలబడి కండ్లు పెద్దవి చేసి చూస్తోంది. నా పక్కనామె చేతిలో చీటీ నలుపుకుంటూ, "పాపం, గీ పోరి లేస్తదో లేవదో" అంది.

"లేస్తది. కాన్పయ్యి, తల్లిగారింట్ల పురుడు పోసుకొని అచ్చినంక లేస్తది" అన్నాను.

ఆమె నా మొహం చూసింది. "మంచంల పడ్డ పిల్లకు కాన్పేందక్కా?"

"మంచంల ఉన్నది గా పిల్ల కాదు. పౌడర్ పూసే పిల్లను తెచ్చి పండవెట్టిండ్రు, అందుకే మొకం నిండ గొట్టాలు. అసలు పిల్లకు నెలలు నిండినయని సెలవు పెట్టింది. గీ పండవెట్టినోడు నాకు ఎరుకే."

వరుసంతా నా దిక్కు తిరిగింది. లోపలినుంచి నర్సమ్మ నా పేరు పిలుస్తున్నా నాకు వినబడలేదు. ఇంటికి వచ్చాక కూడా ఆ మనిషి నా మనసులోంచి దిగలేదు. నాకు సంతకం పెట్టే మందం అక్షరాలే వచ్చు. అందుకే నోటితో చెప్తున్నాను, రాసేవాళ్లు రాస్తున్నారు.

మా ఊరు బచ్చన్నపేట మండలం. మా ఇల్లు ఊరి చివర, ఇల్లు దాటితే పత్తి చేలు. నా పెనిమిటి పోయి అప్పటికి ఏడాది దాటింది. ఒక పొద్దున వాకిలి ముందు కారు ఆగింది. సన్నగా, పొడుగ్గా ఒక మనిషి దిగాడు. చెవులు మాత్రం ఆ మొహానికి పెద్దవి. మంచినీళ్లు అడిగాడు. చెంబు అందించబోతుంటే వెంట వచ్చినతను, "ఈయన డైరెక్టర్ సార్, సినిమా తీయడానికి ఊళ్లు చూస్తున్నారు, ఫలానా సీరియల్ ఈయనదే" అన్నాడు. చెంబు వెనక్కి లాక్కున్నాను.

"నువ్వేనా గా పిల్లను పండవెట్టింది?"

"నేనే అవ్వా."

"ఎన్నొద్దులు పండవెడ్తవ్? పొద్దంత పత్తి ఏరి నడుములు వడిపోయి ఇంటికస్తం. గా పిల్ల ఇయ్యాలన్న లేస్తదేమోనని బువ్వ గిన్నె ఒళ్లె పెట్టుకొని కూసుంటం. నువ్వేమో వాళ్ల అత్త మొకం అటునుంచి సూపెడ్తవ్, ఇటునుంచి సూపెడ్తవ్, గుండె దడదడ కొట్టిస్తవ్, మల్ల రేపు రమ్మంటవ్. మేమేమన్న నీకు బాకీ ఉన్నమా? నీకు అక్కసెల్లెండ్లు లేరా?"

అతను కండ్లు మూసుకున్నాడు. మరీ ఎక్కువ అన్నానేమో, కండ్లు తిరిగాయేమో అనుకున్నాను. కాసేపటికి కండ్లు తెరిచి, "అవ్వా, ఇంకొకసారి తిడ్తవా?" అన్నాడు.

వెంట వచ్చినవాళ్లు నవ్వారు. నేను నవ్వలేదు. "ఎందుకు?"

"ఇనబుద్ధయితాంది. మా అమ్మ తిట్టినట్టే ఉన్నది."

అప్పుడు చెప్పాడు సీరియల్ పిల్ల కాన్పు సంగతి. "గా ముక్క ముందుగాల సెప్పద్దా?" అని నీళ్లిచ్చాను, నీళ్లతోపాటు సర్వపిండి ముక్క కూడా ఇచ్చాను. అతను తింటుండగా నా చేతిలోంచి గిన్నె జారి పడితే, వెంటనే తన తల ఒకసారి కుడికి, ఒకసారి ఎడమకు, ఒకసారి నా మొహం మీదికి తిప్పి, "డాం, డాం, డాం" అని సీరియల్ సంగీతం నోటితో వాయించాడు. పెనిమిటి పోయాక నా ఇంట్లో నేను అంత గట్టిగా నవ్వింది అదే మొదలు.

ఆయనది కాటారం దిక్కు, అడివి అంచు పల్లె. చిన్నప్పుడు బొమ్మ చూడాలంటే భూపాలపల్లి బస్సెక్కాలట. టికెట్టు దొరకని నాడు హాలు వెనక్కి పోయి గోడకు చెవి ఆనించి నిలబడేవాడట. లోపల ఎవరు వస్తున్నారు, ఎవరు పోతున్నారు, ఎవరు ఏడుస్తున్నారు, అంతా ఆ గోడలోంచే. "నేను సూసిన సినిమాల కంటె ఇన్న సినిమాలే ఎక్కువ అవ్వా" అనేవాడు.

అందుకేనేమో, తర్వాత మా ఊళ్లో సినిమా తీసినప్పుడు అందరూ కెమెరా దగ్గరున్న చిన్న టీవీలో చూస్తుంటే, ఆయన బోర్లించిన పత్తి గంప మీద కూర్చుని కండ్లు మూసుకునేవాడు. కుర్చీ వేస్తే కూర్చునేవాడు కాదు. జేబులో ఎప్పుడూ వేయించిన పల్లీలు. "సూసుడు కెమెరా పని, ఇనుడు నా పని" అనేవాడు. అందరు డైరెక్టర్లూ కేకలు వేస్తారట కదా, ఈయనకు కేక రాదు. మొదలుపెట్టాలంటే "కానియ్యిండ్రి" అనేవాడు, ఆపాలంటే "ఇగ సాలు" అనేవాడు. ఇంటికి వచ్చిన చుట్టానికి అన్నం వడ్డించినట్టే ఉండేది.

హైదరాబాద్‌లో ఏండ్ల తరబడి సీరియళ్లు తీశాడు. పేరు వచ్చింది, కారు వచ్చింది. కానీ వాళ్లమ్మ మాత్రం కొడుకు సీరియల్ చూడడం మానేసిందట. ఎందుకంటే ఆ సీరియళ్లలో దొరసానులంతా వేరే యాస మాట్లాడతారు, అంట్లు తోమే ఆమె మాత్రం మన దిక్కు మాట మాట్లాడుతుంది. ఆమె నోరు తెరిస్తే చాలు, వెనక నుంచి నవ్వు సంగీతం. వాళ్లమ్మ ఒకనాడు ఫోన్ చేసి, "ఏం బిడ్డా, నన్ను టీవీల కూసోవెట్టి నవ్వుతున్నవా?" అని పెట్టేసిందట. ఆ మాట చెప్పినప్పుడు ఆయన పల్లీలు నమలడం ఆపాడు. "అందుకే సినిమా తీస్త అవ్వా. అందరు మన మాటనే మాట్లాడ్తరు. దుక్కమచ్చినా, సంబురమచ్చినా మన మాటనే. ఒక్కలు నవ్వద్దు."

ఆ సినిమాలో నన్ను పెట్టుకున్నాడు. కథ ఒక రైతుది, అతని పెండ్లాంది. పెండ్లాం వేషం నాది. మా బావ, "మన ఇండ్లల్ల ఆడోళ్లు సినిమాలకు పోవుడేంది?" అని అడ్డం పడ్డాడు. డైరెక్టర్ ఆయన పక్కన అరుగు మీద కూర్చుని, "మీరు పటేలు వేషం ఎయ్యిండ్రి బాపూ, పంచాదిల తీర్పు సెప్పేది ఉన్నది" అన్నాడు. మరునాటికి మా బావ మీసానికి నూనె రాసుకుని వచ్చాడు. అడ్డం అనే మాట మళ్లీ లేదు.

నాకు మాటలు రాసి ఇచ్చేవాడు కాదు. "నువ్వు పసుల కొట్టంల ఉన్నవ్. మీ ఆయిన నీకు సెప్పకుంట బర్రెను అమ్మి అచ్చిండు. ఏమంటవో అను" అనేవాడు. అంతే. నా పెనిమిటి వేషం కట్టిందేమో వరంగల్ నాటకాల మనిషి, మెత్తటివాడు. నేను మొదలుపెడితే తన మాటలు మరచిపోయి నా వంక చూస్తూ నిలబడేవాడు. ఒకసారి, "అక్కా, ఇంట్ల నా భార్య గూడ నన్ను ఇంత నమ్మకంగ తిట్టలేదు" అన్నాడు.

ఇట్లా నడుస్తుండగా సినిమాకు పెట్టుబడి పెట్టిన పెద్దమనిషి వచ్చాడు. మర్యాదస్తుడే. నాకు దండం పెట్టాడు, కుర్చీ వేయించుకుని చూశాడు. చూశాక డైరెక్టర్‌ను పక్కకు పిలిచాడు, కానీ ఊరి చివర ఇల్లు కదా, అన్నీ వినబడతాయి.

"అమ్మగారి మొహం బాగుంది. గొంతు మాత్రం మారుద్దాం. హైదరాబాద్‌లో మంచి డబ్బింగ్ ఆర్టిస్టులున్నారు."

"గొంతు మారిస్తె ఇంకేముంటది సార్?"

"కామెడీకి ఈ యాస సరిపోతుందండీ. ఈ సినిమాలో చావు ఉంది. చావులో జనం నవ్వారనుకోండి, మనిద్దరం మునుగుతాం."

డైరెక్టర్ గంప మీద కూర్చుని, "మారిస్తె నా పేరు గూడ తీసెయ్యిండ్రి" అన్నాడు. గట్టిగా అనలేదు. నా గొంతు కోసం ఒక మనిషి తన పేరును పందెం పెడుతున్నాడు. నా పేరైనా ఎవరూ అడగని ఊళ్లో ఉన్నదాన్ని నేను.

ఇక చావు రోజు. రైతు చచ్చిపోతాడు, పెండ్లాం ఏడవాలి. నా వాకిట్లో ఉత్తుత్తి పీనుగైనా వద్దన్నాను. చేల పక్కన మా బావ వాళ్ల పాత ఇల్లు ఖాళీగా ఉంటే అక్కడ చాప పరిచి, నాటకాల మనిషిని పడుకోబెట్టి, దండ వేసి, తలాపున దీపం పెట్టారు. కండ్లల్లో వేసుకుంటే నీళ్లు వచ్చే మందు ఏదో తెచ్చారు. వద్దన్నాను.

"ఉత్తగ ఏడుపెట్లస్తది బిడ్డా? ఏడుసుడంటె పిలుసుడు. ఎవలనో ఒకలను పిల్వాలె గద" అన్నాను.

"పిలువు అవ్వా. ఎవలను పిలుస్తవో నీ ఇష్టం" అని, కండ్లు మూసుకుని, "కానియ్యి" అన్నాడు.

చాప పక్కన కూర్చున్నాను. దండ సర్దాను, దీపం వత్తి ఎగదోశాను. తర్వాత ఏడుపు దానంతట అదే వచ్చింది.

"ఓ పిల్లల నాయినా, ఎవలకు సెప్పి తొవ్వ వడ్తివే. దున్నిన చెల్క దున్నినట్టె ఉన్నది, ఇత్తనాల మూట ఇప్పనన్న ఇప్పకపోతివి. సల్లబువ్వ ఉట్టిమీద పెట్టిన, అలిగి తినకపోతివా, ఆకలిగాక తినకపోతివా, ఒక్క మాటన్న అనకపోతివి. నీతోని కొట్లాడుడు సగంలనే ఉన్నది గదనే, మిగిలిన సగం ఎవలతోని కొట్లాడాలె..."

పత్తి ఏరే రోజులు అవి. గాలి మా దిక్కు నుంచి చేల మీదికి వీస్తోంది. మా ఊళ్లలో ఒక పద్ధతి ఉంది. ఏడుపు వినబడితే ఎవరు పోయారని అడగరు. ముందు వచ్చి మెడ మీద పడి ఏడుస్తారు, అడగడం తర్వాత. అడుగుతూ వచ్చినవాడు చుట్టం కాదు, దారినపోయేవాడు. చేలల్లో ఆడవాళ్లంతా నడుముకు కట్టిన పత్తి ఒడులు విప్పకుండానే పరుగెత్తుకొచ్చారు. అందరికంటే ముందు మా ఆడబిడ్డ. పక్క ఊరికి ఇచ్చాం, వాళ్ల చేను మా చేను ఒకటే గట్టు. నా గొంతు గుర్తుపట్టి తల్లిగారింట్లో ఎవరో పోయారనుకుంది. వచ్చి నా మెడ మీద పడి, "ఓ అన్నా" అని అందుకుంది.

మా దిక్కు ఎవరు పోయినా ఆడవాళ్లు వెనకటికి పోయిన తమవాళ్లను కూడా ఆ ఏడుపులోకి పిలుచుకుంటారు. ఆమె తన అన్నను పిలిచింది. అంటే నా పెనిమిటినే. ఇంకొకామె కొడుకును పిలిచింది, ఒకామె తల్లిని. మగవాళ్లు తలకు చుట్టిన తువ్వాలలు తీసి గడప బయట నిలబడ్డారు. ఒకతను డప్పులవాళ్లకు కబురు కూడా పంపాడు. కెమెరా అబ్బాయి బెదిరిపోయి డైరెక్టర్ వంక చూస్తే, ఆయన మూసిన కండ్లు తెరవకుండా చెయ్యి ఒక్కటి పైకి లేపాడు. ఆపవద్దని. ఆయన చెంపల మీద నీళ్లు కారుతున్నాయి.

మా ఊపిరి అయిపోయేదాకా ఉండి, "ఇగ సాలు" అన్నాడు.

సినిమావాళ్లకు కూడా ఒక పద్ధతి ఉందట. పీనుగ వేషం వేసినవాడు షాట్ అయిపోగానే లేచి కెమెరా వంక చూసి నవ్వాలి, లేకపోతే కీడు. నాటకాల మనిషి పద్ధతి ప్రకారం దండతో సహా లేచి కూర్చుని పండ్లన్నీ కనబడేట్టు నవ్వాడు. మా ఆడబిడ్డ ఆయన చెంప మీద ఒక్కటి వేసింది.

"సచ్చి నవ్వుతవార?"

"సినిమా అక్కా, సినిమా" అని ఆయన చెంప పట్టుకున్నాడు.

"మరి నేను ఎవల కోసం ఏడ్సిన?" అని ఆమె నా మీదికి వచ్చింది. "వదినా, నీకన్న బుద్ధి లేదా? అన్న పోయిన నాడు ఏడ్సినంత ఏడ్సిన గదనే."

"నేను గూడ ఆయననే పిలిసిన" అన్నాను.

ఆమె నన్ను చూసింది, నేను ఆమెను చూశాను. ఏమైందో ఇద్దరికీ నవ్వొచ్చింది. నడుముకు ఉన్న పత్తితో కండ్లు తుడుచుకుంటూ నవ్వాం. డైరెక్టర్ వచ్చి ఆమె కాళ్ల దగ్గర కూర్చున్నాడు. "పెద్దవ్వా, నీ ఏడుపు నా సినిమాల ఉంచుకుంట. వద్దనకు."

"ఉంచుకో. మా అన్నను మంచిగ సూపెట్టు" అంది.

తర్వాత పెద్ద పంచాయితీ. చావుకు పోయి వస్తే తలకు పోసుకోవాలి కదా. ఉత్తుత్తి చావుకు పోసుకోవాలా వద్దా? ఆడవాళ్లు రెండు జట్లయ్యారు. "పీనుగ నవ్విండు గదనే, మైలెక్కడిది?" అని ఒక జట్టు. "మనం ఏడ్సింది నిజమె గద" అని ఇంకో జట్టు. డైరెక్టర్ నీళ్ల ట్యాంకర్ తెప్పించి, అందరికంటే ముందు తానే బట్టలతో సహా నెత్తిన బిందె గుమ్మరించుకున్నాడు. ఆ తర్వాత ఎవరూ వాదించలేదు.

పెట్టుబడి పెద్దమనిషి ఆ ఏడుపును రెండుసార్లు వేయించుకుని చూశాడట. అయినా భయం పోలేదు. "మీ ఊళ్లో చూపిస్తే మీవాళ్లే కనుక ఏడుస్తారు. ఎవరికీ మీరు తెలియని చోట చూపిద్దాం. మహబూబాబాద్‌లో ఒక హాలు తీసుకుంటాను. చావు దగ్గర నవ్వు వినబడితే మాటలన్నీ మార్చేద్దాం" అన్నాడు. డైరెక్టర్ ఒప్పుకున్నాడు. ఒప్పుకోక ఏం చేస్తాడు.

మేం ఆడవాళ్లం సద్ది కట్టుకుని జనగామలో రైలెక్కాం. మహబూబాబాద్‌ను మేం మానుకోట అంటాం. హాలు నిండా జనం, ఒక్క మొహం తెలిసింది కాదు. పెద్దమనిషి మధ్యలో కూర్చున్నాడు. డైరెక్టర్ కూర్చోలేదు, తలుపు దగ్గర పరదా పక్కన గోడకు ఆనుకుని నిలబడ్డాడు. ఆయన జేబులో పల్లీలు ఉన్నాయి కానీ తినడం లేదు.

తెర మీద నేను నోరు తెరిచాను. హాలంతా నవ్వింది. బర్రె గురించి తిడుతున్నాను కనుక నవ్వాల్సిందే, అయినా నాకు ఆ నవ్వు నచ్చలేదు. ఎందుకంటే వాళ్లు తిట్టుకు నవ్వడం లేదు. నేను "ఏందయ్యా" అనగానే నవ్వారు. ఇన్నేండ్లు సీరియళ్లలో అట్లా నవ్వించి నేర్పారు కదా. నవ్విన ప్రతిసారీ పెద్దమనిషి తల వెనక్కి తిప్పి పరదా వంక చూశాడు.

చావు వచ్చింది. చాప, దండ, దీపం. నేను, "ఓ పిల్లల నాయినా" అన్నాను. వెనక వరసల్లో ఎవరో పడుచువాళ్లు కిసుక్కుమన్నారు. ఒకడు నవ్వితే పక్కవాడికి అంటుకుంది. నేను కండ్లు గట్టిగా మూసుకున్నాను. అయిపోయింది అనుకున్నాను.

నా పక్క కుర్చీ ధడాలున చప్పుడైంది. మా ఆడబిడ్డ లేచి నిలబడి వెనక్కి తిరిగింది. తెర వెలుగు ఆమె వీపు మీద పడుతోంది.

"ఎవడ్రా నవ్వేది? ఆడ పండుకున్నది మా అన్న."

ఆమె అరవలేదు. చేనులో కూలీలతో మాట్లాడినట్టు అన్నది. "మీ ఇండ్లల్ల ఎవలు పోలేదార? పోతె మీ అవ్వలు ఎట్ల ఏడ్సిండ్రు? గిట్ల గాదా?"

కూర్చుంది. హాలులో తెర మీది ఏడుపు తప్ప ఏమీ వినబడలేదు. తెర మీద అదే ఆడబిడ్డ పత్తి ఒడితో పరుగెత్తుకొచ్చి నా మెడ మీద పడింది. మా ముందు వరసలో ఒక ముసలమ్మ కొంగు నోట్లో కుక్కుకుంది. ఎటు పక్కనుంచో, "ఓ బిడ్డో" అని సన్నగా రాగం. ఇంకొక దిక్కు నుంచి ఇంకొకటి. వెనక వరసలవాళ్లు, నవ్వినవాళ్లే, తలలు వంచుకున్నారు. తెర మీద మా ఏడుపు ఆగాక కూడా హాలులో ఆగలేదు. నాకేమో ఏడుపు రాలేదు. లోపలినుంచి ఏదో ఎగిరెగిరి పడుతోంది, పండుగనాడు డప్పు దగ్గరికి వచ్చినట్టు.

బొమ్మ అయిపోయి దీపాలు వేశారు. మేం తలుపు దగ్గరికి వచ్చి డైరెక్టర్ పక్కన నిలబడ్డాం. జనం మా ముందునుంచే పోతున్నారు. తెర మీద చూసిన మనిషి ఎదురుగా నిలబడితే సినిమావాళ్లను అడిగినట్టు ఫొటోలు అడుగుతారనుకున్నాను. ఎవరూ అడగలేదు. ఒకామె నా భుజం ముట్టి పోయింది. ఒక ముసలాయన తువ్వాల తీసి చేతిలో పట్టుకుని, ఒక్క క్షణం నిలబడి పోయాడు. నవ్విన పడుచువాళ్లు మా ఆడబిడ్డ వంక చూడకుండా చెప్పులు చూసుకుంటూ పోయారు.

డైరెక్టర్ నా చెవి దగ్గరికి వంగాడు. "అవ్వా, ఇంటున్నవా?"

"ఏంది బిడ్డా? ఎవలు ఏమంటలేరు."

"అదే. ఎవ్వలు 'పోయస్తం' అంటలేరు."

అప్పుడు తెలిసింది నాకు. చావు ఇంటికి పోయినవాళ్లు వచ్చేటప్పుడు 'పోయి వస్తాం' అనరు. అట్లాంటి ఇంటికి మళ్లీ రావాలని ఎవరూ కోరుకోరు. చెప్పకుండానే లేచి పోతారు. మానుకోట జనం మా దగ్గరికి వచ్చి, నిలబడి, చెప్పకుండా పోతున్నారు.

చివరికి పెద్దమనిషి వచ్చాడు. హైదరాబాద్ మనిషి, ఎక్కడికి పోయినా అందరికీ "వెళ్లొస్తానండీ" అని చెప్పి గానీ కదలడు. మా ముందు ఆగాడు. నాకూ మా ఆడబిడ్డకూ చేతులు జోడించాడు. నోరు తెరిచాడు, మూశాడు. డైరెక్టర్ భుజం మీద చెయ్యి వేసి, తీసి, తల వంచుకుని మెట్లు దిగి కారెక్కాడు.

కారు మూల తిరిగేదాకా మేం ముగ్గురం దాన్నే చూస్తూ నిలబడ్డాం.

"సెప్పకుంటనె పోయిండు" అంది మా ఆడబిడ్డ.

"పోయిండు. ఇగ నీ గొంతు మారదు అవ్వా" అన్నాడు డైరెక్టర్. గోడకు ఆనుకుని అట్లాగే కిందికి జారి కూర్చుని, జేబులోంచి పల్లీలు తీసి మా ఇద్దరి ఒళ్లో పోశాడు.